కాలాన్ని వంచే డేగకు ముందు తిండి పెట్టు

చిరంజీవి అమ్మలుకు పెద్దనాన్న ఆశీస్సులు.

ఇక్కడ అందరం క్షేమం. నువ్వు పంపిన కథ ప్రింటు తీయించుకుని రెండుసార్లు చదివాను. ఫోనులో చదివితే నాకు తలకెక్కదు. కాలాన్ని వంచే నీ డేగ, ఆ క్రోనోహాక్, రెక్క విదిలించగానే లోకమంతా ఆగిపోతుంది, రాలుతున్న చినుకు రాలుతున్నచోటే నిలబడిపోతుంది, అది తాపీగా వచ్చి కుందేలును తన్నుకుపోతుంది. చినుకు వాక్యం బాగుంది. పిట్ట బాగాలేదు. లోకాన్నే ఆపగలదానికి ఇక గోళ్ళెందుకు, వంకర ముక్కెందుకు? నడిచొచ్చి తినొచ్చు. ఆ శక్తి కోడిపెట్టకిచ్చినా నీ కథలో ఒక్క ముక్క మారదు.

ముప్పై ఏళ్ళు మెడలో బైనాక్యులర్లు వేసుకుని రోళ్ళపాడు అభయారణ్యం గడ్డిలో తిరిగినవాణ్ణి, ఆ చనువుతో చెబుతున్నాను. ముందు నీ పిట్ట ఏం తింటుందో తేల్చు. కాలం సంగతి దాన్నిబట్టి తేలుతుంది.

ఇది నా సొంత కవిత్వం కాదు. దీపం చకచకా ఆరి వెలుగుతుంటే, సెకనుకు యాభై అరవై సార్లు దాటాక మన కంటికి అది ఆగకుండా వెలిగినట్టే కనిపిస్తుంది. అదే పరీక్ష వేటపక్షులకు పెట్టి 2020లో లెక్కలు ప్రచురించారు. ఎడారుల్లో కుందేళ్ళనూ ఎలుకలనూ పట్టే హారిస్ డేగకు ఆ హద్దు 77. సాకర్ డేగకు 102. గాలిలో ఎగిరే పిట్టను గాలిలోనే కొట్టే భైరిడేగకు 129! మన సినిమా సెకనుకు 24 బొమ్మలు. భైరిడేగను హాల్లో కూర్చోబెడితే పెళ్ళి ఆల్బం తిప్పినట్టుంటుంది దానికి. గంటకు 300 కిలోమీటర్లు దాటిన వేగంతో కిందికి దూకుతూ, పావురం ఎటు తిరగబోతోందో చూసి తానూ తిరగాలంటే ఆ కన్ను ఉండాల్సిందే. అంటే కాలాన్ని సాగదీసుకునే పిట్ట ఇప్పటికే ఉంది. నేలమీది ఎరతో సరిపెట్టుకునేదానికి కొంచెం చాలు, ఎగిరేదాన్ని తరిమేదానికి ఎక్కువ కావాలి. నీ కుందేలుకోసం లోకాన్ని ఆపడం దండగ. ఆ శక్తికి తగ్గ ఎరను వెతుకు. నిన్న పారిపోయినదాన్ని ఇవాళ పట్టే పిట్ట అయితే, దాని ఎరకు కూడా కాలంలో దూకే కాళ్ళుండాలి కదా.

రెండోది, దాని గురి అప్పుడప్పుడూ తప్పనివ్వు. చలికాలంలో మధ్య ఆసియానుంచి పిల్లిగద్దలు మన గడ్డిబీళ్ళకు వస్తాయి. అంత దూరం ఎగిరొచ్చి ఇక్కడ తినేది ఎక్కువగా మిడతలే. ఒక సాయంత్రం ఒకదాన్నే కనిపెట్టుకుని కూర్చున్నాను. ఏడుసార్లు గడ్డిలోకి పడింది, ఆరుసార్లు ఉత్త గోళ్ళతో లేచింది. ఏడోసారికి నేను ఊపిరి బిగబట్టి ఉన్నాను. నీ కథలో పద్నాలుగు వేటలున్నాయి, ఒక్కటీ తప్పలేదు. అందుకే మూడోదానికి నాకు ఆవలింత వచ్చింది.

ఇంకో మాట, కాలం ఊరికే రాదు. అది క్షణాన్ని గంటగా సాగదీస్తే, ఆ గంట ఎవరి ఆయుష్షులోంచి పోయింది? లోకం ఆగింది, పిట్ట ఆగలేదు. కాబట్టి అది గంట ముసలిదయింది. ఆకలికి తాళలేక అదేపనిగా వేటాడిన కూన ఒకరోజు తల్లికంటే ముసలిదై గూటికొస్తుంది. తల్లి దాన్ని గుర్తుపడుతుందా? నీ కథ అక్కడ మొదలవ్వాలని నా కోరిక. (జటాయువు రావణుడితో తలపడేముందు తనకు అరవై వేల ఏళ్ళని చెప్పుకున్నాడు. నీ కూనకు ఆ గర్వం ఉండదు పాపం.)

కట్టుబాటు కావాలంటే మన పంచపక్షి శాస్త్రం ఉంది. మా తాత ప్రయాణాలకు అందులో మంచి వేళ చూసేవాడు. డేగ, గుడ్లగూబ, కాకి, కోడి, నెమలి. పగలు ఐదు జాములు, రాత్రి ఐదు, జాముకు 6 గడియలు, అంటే 2 గంటల 24 నిమిషాలు. ఒక్కో జాములో ఒక్కో పక్షి ఒక్కో స్థితిలో ఉంటుంది: భోజనం, గమనం, రాజ్యం, నిద్ర, మరణం. వారాన్నిబట్టి, శుక్లపక్షమా కృష్ణపక్షమా అన్నదాన్నిబట్టి వరస మారుతుంది. నేను నమ్మను, మా తాత నమ్మి కూడా రైలు అందుకోలేకపోయాడు. కానీ కథకు ఇంతకన్నా ఏం కావాలి? నీ డేగ భోజనపు జాములోనే కాలాన్ని వంచగలగాలి. మరణపు జాములో పిచ్చుక పొడిచినా పడిపోవాలి. ఇవాళ ఏది ఏ జామో దానికీ సరిగా తెలియకూడదు.

శత్రువు సంగతి. నువ్వు పెట్టిన శాస్త్రవేత్తను తీసెయ్. కరెంటు తీగమీద కూర్చునే పసులపోలిగాడిని చూశావుగా, గుప్పెడంత ఉంటుంది, గద్దను ఊరి పొలిమేర దాకా తరుముతుంది. వాడికి ఏ మహిమా అక్కర్లేదు. మెడవెనక, పైనుంచి వస్తాడు. ఎంత సాగదీసిన క్షణంలోనైనా మెడ తిప్పి చూస్తేనే కదా కనిపించేది.

పేరు మార్చు. క్రోనోహాక్ అని మన గొర్రెలకాపరి ఎవడూ అనడు. మొదట చూసేదీ నష్టపోయేదీ అతనే. పిల్లిగద్ద, జాలెడేగ అన్నట్టు కంటికి కనిపించినదాన్నిబట్టి పెడతాడు. "పొద్దుమింగుడు గద్ద" అంటాడేమో. పొద్దున మందను తోలాడు, గద్ద నీడ పడింది, తలెత్తేసరికి సాయంత్రం.

సంక్రాంతికి వస్తున్నావని మీ నాన్న చెప్పాడు. కనుమ మర్నాడు రోళ్ళపాడు వెళదాం. నాలుగింటికల్లా కూర్చోవాలి, చీకటిపడే వేళకు పిల్లిగద్దలన్నీ గడ్డిలో పడుకోవడానికి దిగుతాయి. తెల్ల బట్టలు వేసుకోకు, ఫోను మోగనివ్వకు. అరిసెలు మీ పెద్దమ్మ కడుతుంది.

రెండో పేజీలో ఆ చినుకు వాక్యం మాత్రం కొట్టేయకు.

మీ పెద్దనాన్న