ఆ గోడకు సున్నం ఎవరు పూశారు?

తమ్ముడూ,

నీ నవలలో పంపిన అధ్యాయాలన్నీ చదివాను. కొండ అంచున నువ్వు కట్టిన ఆ నగరం, దాని మెట్ల వీధులు, నీళ్ల కోసం జనం పడే టెన్షన్ నాకు చాలా నచ్చాయి. కోట లోపలి మహాచిత్రం దగ్గరికి వచ్చాక మాత్రం నా చదువు ఆగిపోయింది. నాలుగు పేజీలు వర్ణించావు. ఎడమవైపు యుద్ధం, కుడివైపు పట్టాభిషేకం, నడుమ రెక్కల పాము, పైన భవిష్యవాణి. ఎంత చదివినా ఆ గోడ నా కళ్ల ముందుకు రాలేదు. చిత్రంలో ఏముందో అంతా చెప్పావు గానీ, అది గోడ మీదికి ఎలా వచ్చిందో ఒక్క వాక్యం కూడా రాయలేదు. లోపం అక్కడే ఉందని నా నమ్మకం.

ముందు ఆ గోడ సంగతి తేల్చుకో. తడి సున్నం మీద వేశారా, ఆరిన గోడ మీద వేశారా? ఇది చిన్న విషయం కాదు, నీ పాత్రల బతుకే దీన్ని బట్టి మారిపోతుంది. ఇటలీ చిత్రకారుడు మైకెలాంజెలో 1508 నుంచి 1512 వరకు వాటికన్‌లోని సిస్టీన్ చాపెల్ అనే ప్రార్థనా మందిరం పైకప్పు మీద పనిచేసింది తడి సున్నం మీద. రంగును నీళ్లలో కలిపి పచ్చి పూత మీద వేస్తే, సున్నం గాలి పీల్చుకుని గట్టిపడుతూ రంగును తనలో బిగించేస్తుంది. అందుకే ఆ పూట ఎంత గీయగలరో అంతమేరకే పూత పూస్తారు. ఆరిపోయాక తప్పు కనబడితే ఆ ముక్క చెక్కేసి మళ్లీ పూయాలి. రోజుల హద్దులు గోడ మీద అతుకుల్లా మిగిలిపోతాయి, దగ్గరగా చూసేవాళ్లకు కనబడతాయి కూడా. ఆయన పడుకుని గీశాడని చాలామంది అనుకుంటారు. కాదు, పరంజా మీద నిలబడి, మెడ వెనక్కి వాల్చి గీశాడు. ముఖం మీద రంగు కారేదని తనే ఒక పద్యంలో మొరపెట్టుకున్నాడు.

అజంతా దారి వేరు. మట్టిలో వరిపొట్టు, పీచు కలిపి రాతికి మెత్తి, పైన పల్చగా సున్నం వేసి, అది ఆరాక గీశారు. రంగుల్లో ఎక్కువ భాగం ఆ చుట్టుపక్కల దొరికే మట్టి, రాయే. నీలం మాత్రం రాజావర్తం (లాపిస్ లాజులి) అనే రాయి నుంచి తీసింది. అది అఫ్గానిస్తాన్‌లోని బదఖ్షాన్ కొండల నుంచి రావాలి. మరి నీ నగరంలో నీలం ఎక్కడిది? నీ చిత్రంలో వందమంది నీలం బట్టలు కట్టుకున్నారు. ఆ రాయి మోసుకొచ్చిన బేహారి ఎవరు? దాని ఖరీదుకు ఏ ఊరి మీద పన్ను వేశారు? ఇక్కడ నీకొక అధ్యాయం దొరుకుతుంది.

డబ్బు పెట్టినవాణ్ణీ మర్చిపోకు. లేపాక్షి వీరభద్రాలయం కప్పు మీద దేవుళ్ల పక్కనే విరుపణ్ణ, వీరణ్ణ సోదరులు పొడుగాటి కుళ్లాయిలు పెట్టుకుని పరివారంతో నిలబడి ఉంటారు. అచ్యుతదేవరాయల కాలంలో ఆ గుడి కట్టించినవాళ్లు వాళ్లు. భక్తీ ఉంది, ‘మేమే’ అని చెప్పుకోవడమూ ఉంది. నీ చిత్రంలో అలాంటి మనిషి ఏ మూల నిలబడ్డాడో నువ్వు తెలుసుకుంటే, ఆ నగర రాజకీయం పాఠకుడికి విడిగా వివరించక్కర్లేదు.

ఇంకో మాట. అంత పెద్ద చిత్రాన్ని ఎవరూ ఒక్క చూపులో చూడలేరు. లేపాక్షిలో తల పైకెత్తి, స్తంభాల మధ్య నడుస్తూ, మెడ నొప్పి పుట్టినప్పుడు ఆగుతూ చూడాలి. అజంతా 17వ గుహలో సింహళుడనే వర్తకుడి కథ ఉంది. ఓడ పగిలి రాక్షస స్త్రీల దీవికి చేరడం, తెల్లగుర్రం మీద తప్పించుకోవడం, చివరికి సైన్యంతో తిరిగి రావడం. నీలాంటివాడు తప్పకుండా చూడాల్సిన గోడ అది. అదే మనిషి అదే గోడ మీద మళ్లీ మళ్లీ కనబడతాడు. మన కళ్లు వెతుక్కోవాలి. నీ కథానాయికకూ ఆ వెతుకులాట ఇవ్వు. చేతిలో ఒక్క దివిటీ ఇవ్వు. వెలుగు పడినంతే చూడనీ, తప్పుగా అర్థం చేసుకోనీ. భవిష్యవాణి ఆమెకు సగమే దొరికితే కథ ముందుకు పరిగెడుతుంది.

వెయ్యేళ్లుగా ఆ చిత్రం చెక్కుచెదరలేదని రాశావు. నాకు నమ్మకం కుదరలేదు. డచ్ చిత్రకారుడు రెంబ్రాంట్ గీసిన ‘నైట్ వాచ్’ అనే పెద్ద చిత్రాన్ని 1715లో ఆమ్‌స్టర్‌డామ్ నగర భవనంలో గోడకు సరిపోవాలని నాలుగు వైపులా కత్తిరించేశారు. అజంతా బొమ్మలను కాపాడాలని నిజాం ప్రభుత్వం 1920ల్లో ఇటలీ నుంచి నిపుణులను పిలిపించింది. వాళ్లు చాలా జాగ్రత్తగానే పనిచేశారు. కానీ పూసిన వార్నిష్ కాలక్రమంలో పసుపెక్కి బొమ్మలను మసకబార్చింది. అంతకుముందు రాబర్ట్ గిల్ అనే బ్రిటిష్ సైనికాధికారి ఏళ్లతరబడి ఆ గుహల్లో కూర్చుని నకళ్లు గీశాడు. 1866లో లండన్ క్రిస్టల్ ప్యాలెస్‌లో మంటలు లేచి వాటిలో దాదాపు అన్నీ కాలిపోయాయి. ఆ తర్వాత బొంబాయి కళాశాలలో చిత్రకళ నేర్పిన గ్రిఫిత్స్, అతని విద్యార్థులు మళ్లీ మొదలుపెట్టి గీసినవాటిలో కూడా చాలానే 1885లో మంటల్లోనే పోయాయి. ఈ సంగతి గుర్తొచ్చినప్పుడల్లా నాకు గుండె పట్టేసినట్టు అవుతుంది. వాళ్లు గీస్తున్న ఆ ఏళ్లలో గుహల్లో మనుషులు పాడుచేసిందీ, తేమ తినేసిందీ వేరే.

కాబట్టి నీ నవలకు నకలు గీసే మనిషి కావాలి. నువ్వు రెండో అధ్యాయంలో రెండు వాక్యాల్లో వదిలేసిన ఆ ముసలి సున్నపు మేస్త్రీ ఉన్నాడే, నాకు అతని మీదే ధ్యాస. పాము రెక్క రాలిపోయిన చోట తిరిగి పూత వేసింది అతనే అయితే, కింద అసలు బొమ్మ ఏమిటో చూసిన ఆఖరి మనిషీ అతనే అవుతాడు. కథానాయికకు చెబుతాడా, చెప్పడా? చెబితే నిజమే చెబుతాడా?

వర్ణన నాలుగు పేజీలూ తీసి పక్కన పెట్టు, చింపకు. అది నీకు పనికొచ్చే పటం, పాఠకుడికి కాదు. మేస్త్రీ పరంజా ఎక్కే పొద్దుటి నుంచి ఆ అధ్యాయం మళ్లీ మొదలుపెట్టు. సంక్రాంతిలోపు పంపితే, పండక్కి ఊరెళ్లే ముందే చదివి జవాబు రాస్తాను.

ఆశీస్సులతో,
మీ అన్నయ్య