మున్సిపల్ పని ఎల్1కి కాకుండా వేరేవాళ్లకి ఇచ్చారు, పిల్ వేస్తే రద్దవుతుందా?

అందరికంటే తక్కువ కోట్ చేసినవాళ్లని (ఎల్1ని) పక్కనపెట్టి డ్రైనేజీ పని వేరే కాంట్రాక్టరుకి ఇచ్చారు, కాలనీ తరఫున హైకోర్టులో పిల్ (ప్రజాప్రయోజన వ్యాజ్యం) వేస్తే ఫలితం ఉంటుందా అని అడిగారు. ఉండొచ్చండి. కాకపోతే ‘ఎక్కువ రేటుకి ఇచ్చారు’ అన్న ఒక్క మాట మీద మాత్రం నిలబడదు. 1994లో టాటా సెల్యులార్ కేసులో సుప్రీంకోర్టు తేల్చి చెప్పింది: టెండరు నిర్ణయం మీద కోర్టు అప్పీలు వినదు, ఆ నిర్ణయం ఎలా తీసుకున్నారన్నదే చూస్తుంది. 2జీ (టెలికాం స్పెక్ట్రమ్ లైసెన్సుల) కేసు కూడా అంతే. దరఖాస్తుల గడువు తేదీని 2007 సెప్టెంబర్ 25కి వెనక్కి జరిపి, ఆ సంగతి 2008 జనవరిలో బయటపెట్టారు. ఇలా ఆట మధ్యలో నిబంధనలు మార్చడం తీర్పులో చాలా బరువైన అంశమైంది. 2012లో 122 లైసెన్సులు రద్దయ్యాయి.

మా ఊళ్లో తాగునీటి పైపులైను పని మీద మేమూ పిల్ వేశాం. ఒకే రోడ్డు, ఒకే పైపు. మొత్తానికి టెండరు పిలవాల్సిన పని. దాన్ని ముక్కలు చేసి, ప్రతి ముక్కనీ టెండరు అక్కర్లేని పరిమితి లోపలే ఉంచి నామినేషన్ మీద, అంటే టెండరు పిలవకుండా నేరుగా, ఇచ్చేశారు. సమాచార హక్కు కింద తెప్పించిన ఎస్టిమేట్లు పక్కపక్కన పెట్టి చూస్తే కడుపు మండిపోయింది. ఒకదాంట్లో 0 నుంచి 120 మీటర్లు, తర్వాతి దాంట్లో 120 నుంచి 240. వర్క్ ఆర్డర్లన్నీ ఒకే తేదీతో, వరుస నంబర్లతో, ఒకే కాంట్రాక్టరు పేర. అవినీతి గురించి అఫిడవిట్‌లో పెద్ద పెద్ద మాటలేవీ రాయొద్దని, ఆ కాగితాలే వరుసగా జతచేయమని మా లాయరు గారు పట్టుబట్టారు. బెంచ్ నోటీసులిచ్చాక, మిగిలిన భాగానికి టెండరు పిలుస్తామని మున్సిపాలిటీయే కౌంటర్‌లో (కోర్టుకిచ్చిన జవాబులో) రాసింది. అప్పటికే పూడ్చేసిన పైపుల్ని మాత్రం ఎవరూ ముట్టుకోలేదు.

కాబట్టి ఆ ఎల్1ని ఎందుకు పక్కనపెట్టారో ముందు కాగితం మీద తెలుసుకోండి. టెండరు నోటీసు, టెక్నికల్ బిడ్ల పరిశీలన, నోట్‌ఫైలు (అధికారులు ఫైల్లో రాసిన నోట్స్) కాపీలు సమాచార హక్కు కింద అడగండి. ఈఎండీ (బిడ్‌తో పాటు కట్టే ధరావతు) కట్టలేదనో అనుభవం చాలలేదనో తిరస్కరించి ఉంటే మీ కేసు చాలా పలచన. అదే షరతు గెలిచినవాళ్లకి సడలించి ఉంటే మాత్రం గట్టి కేసు. 1979 నాటి రమణ దయారాం శెట్టి కేసు సరిగ్గా ఇదే. బొంబాయి విమానాశ్రయంలో రెస్టారెంటుకి కావాల్సిన అర్హత తామే పెట్టి, అది లేనివాళ్లకి ఇచ్చారు. తాను పెట్టిన నిబంధనకి ప్రభుత్వ సంస్థ తానే కట్టుబడాలని కోర్టు గట్టిగా చెప్పింది. అయినా కాంట్రాక్టుని రద్దు చేయలేదు! పిటిషనరు నెలల తరబడి ఆలస్యంగా రావడం, ఈలోగా గెలిచినాయన డబ్బు ఖర్చు పెట్టేయడం, పిటిషనరు వెనక ఇంకెవరో ఉన్నారన్న అనుమానం అందుకు కారణాలు.

ఆ చివరి కారణం మీకూ వర్తిస్తుంది. ఓడిపోయిన బిడ్డరు ఫీజులిస్తానంటే దయచేసి ఒప్పుకోవద్దు. ఆయనకి నష్టం జరిగి ఉంటే సొంతంగా రిట్ వేసుకుంటారు. మీ పిటిషన్ కాలనీవాళ్ల డబ్బుతో, కాలనీవాళ్ల పేరుతోనే వెళ్లాలి. మీకు సొంత లాభం లేదని ప్రమాణం చేయాలి కదా, ఆ మాట నిజమై ఉండాలి. కాంట్రాక్టరుని ప్రతివాదిగా తప్పనిసరిగా చేర్చండి. ఆయన వాదన వినకుండా కాంట్రాక్టు రద్దు చేయరు.

స్టే మీద ఆశ పెట్టుకోకండి. ఇలాంటి ప్రజావసర పనులు ఆపడానికి కోర్టులు బాగా వెనకాడతాయి, మౌలిక వసతుల పనులకి అడ్డొచ్చే ఇంజంక్షన్లు ఇవ్వకూడదని 2018లో స్పెసిఫిక్ రిలీఫ్ చట్టం సవరించాక మరీనూ. స్టేతో పాటు, ఇకపై చేసే చెల్లింపులు తుది తీర్పుకి లోబడి ఉండాలని కూడా అడగమని మీ లాయరుకి చెప్పండి. ఈలోగా ఇప్పటిదాకా ఎంత పని జరిగిందో తేదీ కనబడేలా ఫొటోలు తీసి పెట్టుకోండి.