‘కన్‌సినస్’ అనే మాట గురించి అడిగావు కదా

విజయవాడ,
గవర్నరుపేట.

అమ్మాయీ,

నీ ఉత్తరం, కథ రెండు ప్రతులూ గుంటూరు నుంచి మూడో రోజుకే అందాయి. జవాబు ఆలస్యం చేసింది నేనే. ముందు నువ్వు అడిగిన మాట సంగతి చెబుతాను, తర్వాత కథ దగ్గరికి వస్తాను. రెండూ ఒకటే సంగతి అని నాకు కూడా నీ కథ రెండోసారి చదివాకే తట్టింది.

‘కన్‌సినస్’ అనే విశేషణం ఇంగ్లీషు డిక్షనరీలో కనబడిందనీ, పక్కన ‘హార్మోనియస్’ అని అర్థం ఉందనీ, చాలా నచ్చిందనీ రాశావు. అరుదైన మాట దొరికితే ఆ రోజంతా ఒంట్లో ఒక హుషారు ఉంటుంది, నాకు తెలుసు. లెనిన్ సెంటర్‌లో పాత పుస్తకాల షాపుల ముందు నిలబడి అట్ట ఊడిన డిక్షనరీలు తిరగేసిన సాయంత్రాలు నాకు చాలా ఉన్నాయి. అయితే నువ్వు కథలో ‘ఆమె కన్‌సినస్ గొంతుతో జోల పాడింది’ అని రాశావు. అక్కడ అది కుదరదు.

ఆ మాట లాటిన్ ‘కన్‌కిన్నుస్’ నుంచి వచ్చింది. నేర్పుగా కూర్చినది, ముక్కకు ముక్క సరిగ్గా అతికినది అని దాని అర్థం. నామవాచకం ‘కన్‌సినిటీ’ని ఇంగ్లీషులో అప్పుడప్పుడైనా చూస్తాం, విశేషణం ఇంగ్లీషు వాళ్ళకే అరుదు. క్రీస్తు పూర్వం 46లో రోమన్ వక్త సిసిరో వక్తృత్వం మీద రాసినప్పుడు వాక్యాల తూకం గురించి చెప్పడానికి ఈ మాటే తీసుకున్నాడు. వాక్యంలో ఒక ముక్కకు ఎదురుగా అంతే బరువున్న ఇంకో ముక్క రావడం అన్నమాట. పదిహేనో శతాబ్దంలో ఇటలీ వాస్తుశిల్పి ఆల్బెర్తి దీన్నే భవనాల అందానికి వాడాడు. ఏదీ కలపడానికీ, తీసేయడానికీ, మార్చడానికీ వీల్లేకుండా భాగాలన్నీ కుదరాలి, మారిస్తే చెడాలి అన్నాడు. ఇద్దరూ చెప్పింది చేతిపని గురించే. తియ్యదనం ఊసు ఎక్కడా లేదు.

అందుకని ఇంగ్లీషులో ఒక వాక్యాన్ని, ఒకరి శైలిని, వస్తువుల అమరికను కన్‌సినస్ అనొచ్చు. గొంతు ఇంపుగా ఉంటే ‘మెలోడియస్’ అనో ‘యూఫోనియస్’ అనో అంటారు. అభిప్రాయాలు కలిస్తే ‘కాంకర్డెంట్’. మనుషులు కలిసిమెలిసి ఉంటే మామూలు ‘హార్మోనియస్’ చాలు.

ఆ మాటకొస్తే హార్మొనీ కూడా వడ్రంగం పనిలో పుట్టిన మాటే. గ్రీకులో దాని మూలానికి అతకడం, బిగించడం అని అర్థం. తన కావ్యంలో వీరుడు ఒడిస్యూస్ తెప్ప కట్టుకునేటప్పుడు దుంగల్ని బిగించిన అతుకులకు గ్రీకు కవి హోమర్ ‘హార్మోనియా’ అనే మాట వాడాడు. సంగీతానికి వాడడం ఆ తర్వాత వచ్చింది.

ఇది తల్చుకున్నప్పుడల్లా నాకు కొండపల్లి కళ్ళ ముందు కదులుతుంది. చాలా ఏళ్ళ కిందట ఒక బొమ్మల పనివాడి అరుగు మీద మధ్యాహ్నమంతా కూర్చున్నాను. ఆయన ఏనుగు అంబారీ చేస్తున్నాడు. తెల్ల పొణికి చెక్క, చేతిలో పెట్టుకుంటే బరువే తెలియదు. బొమ్మ మొత్తాన్ని ఒకే కర్రలో చెక్కరు. ఒళ్ళు, తొండం, చెవులు, పైన కూర్చునే మావటి, దేనికదే విడిగా చేసి మక్కుతో అతుకుతారు. చింతగింజల పొడీ రంపప్పొట్టూ కలిపిన ముద్దను మక్కు అంటారు. ఆయన తొండాన్ని మొహానికి ఆనించి చూశాడు. తీసి ఆకురాయితో రెండుసార్లు రుద్దాడు. మళ్ళీ ఆనించాడు, వెలుతురుకు ఎదురుగా పట్టుకున్నాడు, మళ్ళీ తీశాడు. నాలుగోసారికి గానీ మక్కు డబ్బా మూత తియ్యలేదు. ఆ సన్నటి సందు మక్కుతో పూడిపోతుంది కదా అన్నాను. ‘ఇప్పుడు పూడిపోతుందండీ, ఎండినాక పగులు చూపిస్తుంది’ అన్నాడు తలెత్తకుండానే. పైన సున్నం పూత, ఆపైన రంగులు పడ్డాక ఆ అతుకు ఎక్కడుందో ఎవరికీ కనబడదు. అయినా ఆయన రుద్దుతూనే ఉన్నాడు. కన్‌సినస్ అంటే ఏమిటో నేను ఆ అరుగు మీద నేర్చుకున్నాను.

దీన్ని తెలుగులో ఎలా చెప్పాలని అడిగావు. ‘పొందిక’ అను. ‘సామరస్యం’ వద్దు, అది పేపర్లలో మత సామరస్యానికీ శాంతి కమిటీ మీటింగులకూ స్థిరపడిపోయింది. ‘శ్రుతి’ చెవికి సంబంధించింది. ‘పొంతన’ మాటకూ చేతకూ మధ్య, లెక్కకూ లెక్కకూ మధ్య చూస్తాం, అదీ ఎక్కువగా లేనప్పుడే. ‘ఒద్దిక’ మనుషులకు, ముఖ్యంగా ఆడపిల్లలకు, వాళ్ళు అడగకపోయినా అంటగట్టే మాట. పొందిక అలా కాదు, అది చేసిన పనికి వాడతాం. మా అమ్మ బీరువాలో చీరలు మడతపెట్టి పేరిస్తే మా నాయనమ్మ వచ్చి చూసి, ‘పొందిగ్గా సర్దావే’ అనేది. ఆవిడ నోట్లోంచి మెచ్చుకోలు రావడమే అరుదు. మా అమ్మ ముఖంలో ఆ పూట ఉన్న వెలుగు నాకింకా గుర్తుంది.

అరుదైన మాట విషయంలో నాకొక దెబ్బ తగిలింది, చెబుతాను. 1980ల్లో ఒక వారపత్రికకు పంపిన వ్యాసంలో ఎంతో ఇష్టంగా ‘కన్‌సినస్ శైలి’ అని రాశాను. అచ్చులో అది ‘కంటిన్యువస్ శైలి’ అయింది. వారం రోజులు నిద్ర పట్టలేదు. సవరణ వేయమని రెండు ఉత్తరాలు రాశాను, జవాబు రాలేదు. నన్ను ఎక్కువ బాధపెట్టింది మాత్రం ఇంకొకటి. తప్పు దొర్లిందని ఒక్క పాఠకుడూ గుర్తుపట్టలేదు. ‘కంటిన్యువస్’ పడినా వాక్యం నడిచిపోయిందంటే అక్కడ నా మాట చేస్తున్న పనేమీ లేదన్నమాట.

ఓరుగల్లులో ప్రతాపరుద్రుడి ఆస్థానంలో ఉన్న అలంకారికుడు విద్యానాథుడు మాటల మధ్య ఉండే ఈ పొందికకు ‘శయ్య’ అనే పేరు పెట్టి చెప్పాడు. పదాలకు ఒకదానితో ఒకటి ఉండే గాఢమైన మైత్రి శయ్య అని ఆయన నిర్వచనం. ఒక పదాన్ని తీసి అదే అర్థమున్న ఇంకో పదం పెడితే మిగతావి ఒప్పుకోకూడదు. మన పద్యానికి యతిమైత్రి ఎలాగూ ఉంది, అక్షరాలకే స్నేహాలు చూసిన వాళ్ళం మనం. వచనానికి ఆ నియమం లేదు కాబట్టి కాపలా నువ్వే కాయాలి. నీ వాక్యమే తీసుకో. ‘అమ్మ చేతులు కడుక్కుని వచ్చింది’ అని మొదటి ప్రతిలో ఉంది. రెండో ప్రతిలో ‘అమ్మ హస్తాలు శుభ్రపరచుకుని వచ్చింది’ అయింది. అమ్మ పక్కన హస్తాలు కూర్చోవు తల్లీ. కడుక్కోవడంలో ఉన్న నీళ్ళ చప్పుడు కూడా పోయింది.

ఇక్కడి నుంచి జాగ్రత్తగా చదువు. ఈ ఉత్తరం రాయడానికి అసలు కారణం ఇదే.

కన్‌సినస్‌కు పాశ్చాత్య సంగీతంలో ప్రత్యేకమైన అర్థం ఒకటి ఉండేది. లండన్‌లో ఎఫ్రాయిమ్ చేంబర్స్ 1728లో వేసిన విజ్ఞాన సర్వస్వంలో దాని వివరణ ఉంది. కన్‌సినస్ స్వరాంతరాలంటే, అంటే రెండు స్వరాల మధ్య ఎడాలంటే, పూర్తిగా కలిసిపోయేవి కావు. విడిగా వింటే అంత ఇంపుగానూ ఉండవు, అంత కటువుగానూ ఉండవు. కానీ ఇంపైన వాటి పక్కన, వాటికి ఎదురుగా వచ్చినప్పుడు ఆ ఇంపును పెంచుతాయి, పాటకు కావలసిన వైవిధ్యాన్ని ఇస్తాయి. మొదటిసారి ఇది చదివినప్పుడు పుస్తకం మూసి చాలాసేపు అలాగే కూర్చున్నాను. తనంతట తాను తియ్యగా లేనిది కూడా అమరికలో ఉండాలని, దానికి ఒక గౌరవమైన పేరు కూడా ఉందని అప్పుడే తెలిసింది.

మన సంగీతంలో స్వరాల మధ్య సంబంధాలను వాది, సంవాది, అనువాది, వివాది అని నాట్యశాస్త్రం నాటి నుంచే చెప్పుకుంటున్నాం. వివాది పేరులోనే తగువుంది. చేంబర్స్ చెప్పినదీ ఇదీ ఒకటే అనను, మనవాళ్ళ లెక్క వేరు. అయినా చూడు, కర్ణాటక సంగీతంలో మూల రాగాలైన 72 మేళకర్తల్లో 40 వివాది స్వరాలున్న మేళాలే. త్యాగరాజు ఘనరాగ పంచరత్నాల్లో మొదటిది నాట రాగంలో ఉంది. నాటలో షట్‌శ్రుతి రిషభం అనే ‘రి’ని ఆనుకునే అంతర గాంధారం అనే ‘గ’ వస్తుంది, రెండూ ఒకదాన్నొకటి ఒరుసుకుంటాయి. ఆ ఒరిపిడి తీసేస్తే నాట గాంభీర్యం ఏముంటుంది? మన బెజవాడ రేడియోలోనూ, సంగీత కళాశాలలోనూ పనిచేసిన బాలమురళీకృష్ణ గారు చిన్న వయసులోనే 72 మేళకర్తల్లోనూ కృతులు రాశారు. ఆ నలభైని పక్కన పెట్టలేదు.

ఇప్పుడు నీ కథ.

కోల్డ్ స్టోరేజీ పక్కన షెడ్డు, మిర్చి టిక్కీలు, అంటే బస్తాలు, విప్పి పోసిన రాశులు, చుట్టూ కూర్చుని తొడిమలు తీస్తూ తాలు కాయలు ఏరే ఆడవాళ్ళు. ముక్కుకు కట్టుకున్న చీర కొంగులు, ఘాటుకు ఒకళ్ళు దగ్గితే వరసగా అందరూ దగ్గడం. ఇవన్నీ చూసి రాశావు, చూడకుండా, ఎవరో చెబితే విని రాసినవి కావు. మొదటి ప్రతి చదువుతుంటే నాకే గొంతులో గరగర వచ్చింది. రెండో ప్రతిలో దగ్గు తీసేశావు. ఎర్రటి రాశుల మీద ఎండ, గాజుల సవ్వడి, జోలపాట మిగిలాయి. అన్నీ బాగున్నాయి. అన్నీ బాగుండడం వల్ల ఏదీ తగల్లేదు.

ఇంకో వాక్యం కూడా తీసేశావు. ‘చేతులు కడుక్కున్నాక కూడా అమ్మ నన్ను ముట్టుకునేది కాదు, నా కళ్ళు మండుతాయని.’ ఎందుకు తీశావో ఉత్తరంలో రాశావు, జోలపాట పక్కన అది అతకలేదట. కథంతా నిలబడింది దాని మీదే. ముట్టుకోకుండా జోల పాడే అమ్మ అది. ఆ వాక్యం ఉంటేనే జోలపాట జోలపాట అవుతుంది. లేకపోతే అలాంటి జోల వంద కథల్లో చదివాం. నువ్వు అతకలేదు అనుకున్న చోటే రుద్దుతూ కూర్చోవాలి. వాక్యాన్ని ఎత్తేయొద్దు, దాని ముందుదీ వెనకదీ దానికి తగ్గట్టు అరగదియ్యి. ‘తియ్యని గొంతుతో’ అన్నది తీసెయ్యి. ‘దూరంగా కూర్చుని పాడేది’ అను, చాలు. ‘కన్‌సినస్’ కూడా కథలోంచి తీసెయ్యి. నీ నోటు పుస్తకంలో రాసి పెట్టుకో, వ్యాసం రాసేటప్పుడు పనికొస్తుంది.

కడగడం గురించి ఒక అనుమానం. మిరప మంట నీళ్ళకు పోదని మా ఇంట్లో పచ్చళ్ళ రోజుల్లో నూనె రాసుకునేవాళ్ళు. మీ అమ్మ ఏం రాసుకునేదో అడిగి రాయి. నా మాట తీసుకుని రాయకు.

మొదటి ప్రతిలో ఆ వాక్యం కింద పెన్సిల్‌తో గీత పెట్టి ఈ ఉత్తరంతోనే తిప్పి పంపుతున్నాను. రెండో ప్రతి నా దగ్గరే ఉంచుకున్నాను. జనవరిలో పుస్తక మహోత్సవానికి వస్తావుగా, అప్పుడు ఇంటికి రా, ఇద్దరం కూర్చుని చూద్దాం. ఈలోగా ఒకటి రాసి పంపు. కథ మూడో పేజీలో పిల్లకు రాత్రి జ్వరం వచ్చిందన్నావు, అమ్మకు తెలిసిందన్నావు. ఏ చేత్తో చూసిందో రాయలేదు. మోచేత్తోనా, చెంప ఆనించా?

ఆశీస్సులతో,
మీ మాస్టారు