నాలుగో అంచె లీగులో డిఫెండర్: అది కెరీర్ అవుతుందా?

ప్రశ్న: మాది గుంటూరు. ఎనిమిదేళ్లుగా జర్మనీలో, ఫ్రాంక్‌ఫర్ట్ దగ్గర ఉంటున్నాం. మా అబ్బాయికి పదిహేడేళ్లు, గిమ్నాజియంలో (విశ్వవిద్యాలయ చదువుకు దారితీసే బడిలో) పదకొండో తరగతి ముగిస్తున్నాడు. ఇక్కడి ఒక క్లబ్బు అండర్-19 జట్టులో సెంటర్ బ్యాక్‌గా (గోల్ ముందు మధ్యలో నిలిచే డిఫెండర్‌గా) ఆడుతున్నాడు. రెగియొనాల్‌లీగా సూడ్‌వెస్ట్‌లో (నాలుగో అంచె లీగు నైరుతి విభాగంలో) ఆడే మరో క్లబ్బు వాడికి ఒక ఏడాది కాంట్రాక్టు ఇస్తానంటోంది. వాడు బడి మానేసి ఆ క్లబ్బులో చేరతాననీ, పక్కన దూరవిద్యలో స్పోర్ట్స్ మేనేజ్‌మెంట్ డిగ్రీ చేస్తాననీ పట్టుబడుతున్నాడు. డార్మ్‌స్టాట్‌లో కంప్యూటర్ సైన్స్ చదివించాలని మా కోరిక. అన్నిటికంటే పై లీగైన బుండెస్‌లీగాకు చేరకపోతే ఇదంతా వృథాయే కదా? రెండు దారుల్నీ పోల్చి చెప్పగలరు.

జవాబు: మీరు పోలిక అడిగారు గానీ మీ ఉత్తరం నిండా కనిపిస్తున్నది భయం. ముప్పై ఏళ్ల వయసుకు మోకాలు దెబ్బతిని, చేతిలో డిగ్రీ లేక, ఎవరూ పేరు వినని ఒక చిన్న క్లబ్బులో మీ అబ్బాయి మిగిలిపోతాడేమోనన్నది ఆ భయం. ఇటువంటి ఉత్తరాలు నాకు తరచుగా వస్తూనే ఉంటాయి; ఆట పేరు, దేశం పేరు మారతాయి తప్ప అడిగే మాట మారదు. కాబట్టి ముందు ఆ భయానికి జవాబు చెప్పి, ఆ తరువాత పోలిక దగ్గరకు వస్తాను.

జర్మన్ లీగుల అంచెలు మీకు తెలిసినవే కనుక వాటిని మళ్లీ వివరించను. అయితే మీరు ఆ అంచెలను ఎంసెట్ ర్యాంకుల్లా చదువుతున్నారు: పై మెట్టు ఎక్కనివాడు తప్పినట్టే లెక్క అనుకుంటున్నారు. పై రెండు డివిజన్లలో పద్దెనిమిదేసి క్లబ్బులు, మూడో లీగులో ఇరవై క్లబ్బులు మాత్రమే ఉన్న దేశంలో, నాలుగో అంచె అయిన రెగియొనాల్‌లీగా 2012 నుంచి అయిదు ప్రాంతీయ విభాగాలుగా నడుస్తోంది. అక్కడ ఆడేవారిలో ఎక్కువ మంది బుండెస్‌లీగాకు వెళ్లే బస్సు కోసం ఎదురుచూస్తున్నవారు కారు, అక్కడే తమ పని చేసుకుంటున్నవారు. 1970లో జర్మన్ కప్పు గెలిచిన కికర్స్ ఒఫెన్‌బాఖ్ మీ పక్క ఊరి క్లబ్బే. ఏళ్ల తరబడి ఈ నాలుగో అంచెలోనే ఉన్నా ఆ క్లబ్బు మ్యాచ్‌కు వేల మంది వస్తారు. అలాగని పైకి వెళ్లడం తేలికని చెప్పను. అయిదు విభాగాల విజేతలకు మూడో లీగులో ఉన్నవి నాలుగు చోట్లే కనుక, ఏడాదంతా గెలిచి పట్టిక మొదట్లో నిలిచిన జట్టు కూడా ఆ చోటు కోసం ఆడే ఆఖరి రెండు మ్యాచ్‌లలో ఓడి అదే లీగులో ఉండిపోవచ్చు.

డబ్బు సంగతి మీరు అడగలేదు, అడగవలసింది. రెగియొనాల్‌లీగాలో రెండు రకాల క్లబ్బులున్నాయి. ఒక రకం పొద్దున్నే శిక్షణ పెట్టి, ఆటగాళ్లకు కుటుంబం నడిచేంత జీతం ఇస్తుంది. రెండో రకంలో శిక్షణ సాయంత్రం ఉంటుంది. జట్టులో కొందరు పగలు బ్యాంకులోనో, వర్క్‌షాపులోనో, విశ్వవిద్యాలయంలోనో గడిపి మైదానానికి వస్తారు, కుర్రవాళ్లలో కొందరికి ముట్టేది మినీ జాబ్ (చిన్న పార్ట్‌టైమ్ కొలువు) పరిమితికి అటూ ఇటూగా ఉంటుంది. ఆ పరిమితి 2025లో నెలకు 556 యూరోలు. మీవాడికి పిలుపు వచ్చింది ఏ రకం క్లబ్బు నుంచో ఉత్తరంలో లేదు. నా దృష్టిలో మొత్తం నిర్ణయానికి అదే ఇరుసు, ఎందుకంటే సాయంత్రం శిక్షణ ఇచ్చే క్లబ్బయితే బడి మానవలసిన అవసరమే ఉండదు.

ఇక సెంటర్ బ్యాక్ అనే స్థానం గురించి చెప్పాలి. పదిహేడేళ్ల వింగర్‌ను కోచ్ ఆఖరి పావుగంటకు మైదానంలోకి పంపి చూస్తాడు. వాడు బంతి పోగొట్టుకున్నా వెనక నలుగురుంటారు. సెంటర్ బ్యాక్ పోగొట్టుకుంటే వెనక గోల్ కీపర్ తప్ప ఎవరూ ఉండరు. అందుకే నిలదొక్కుకున్న సెంటర్ బ్యాక్ జంటను గాయమో, సస్పెన్షనో వస్తే తప్ప కోచ్‌లు కదిలించరు. మీవాడికి ఎదురుగా నిలబడేది తోటి కుర్రవాడు కాడు, రెండో డివిజన్‌లో కొన్ని సీజన్లు ఆడి దిగివచ్చిన ముప్పై ఒకటేళ్ల స్ట్రైకర్ కావచ్చు. అతడు వేగంలో తగ్గినా, క్రాస్ రాకముందే మోచేతిని ఎక్కడ ఆనించాలో, రిఫరీ ఎటు చూస్తున్నాడో తెలిసినవాడు. ఈ విద్య ఆడితేనే వస్తుంది, బెంచీ మీద కూర్చుంటే రాదు. కాబట్టి మొదటి ఏడాది అండర్-19లో ప్రతి వారం తొంభై నిమిషాలు ఆడటం మేలా, పెద్దల జట్టు వెంట నాలుగు వందల కిలోమీటర్లు బస్సులో వెళ్లి బెంచీ మీద కూర్చోవడం మేలా అన్నది మీరూ అబ్బాయీ కలిసి క్లబ్బునే నేరుగా అడగవలసిన ప్రశ్న.

డిఫెండర్లకు ఒక వెసులుబాటు కూడా ఉంది: వాళ్లు ఆలస్యంగా పండుతారు. జొనాస్ హెక్టర్ ఇరవై ఏళ్ల దాకా జార్లాండ్‌లోని అవర్స్‌మాఖర్ అనే ఊరి అమెచ్యూర్ జట్టులో ఆడి, 2010లో కొలోన్ రెండో జట్టుకు వెళ్లి, జర్మనీ జాతీయ జట్టుకు 43 మ్యాచ్‌లు ఆడాడు. 2016 యూరో కప్పులో ఇటలీ మీద జర్మనీని గెలిపించిన ఆఖరి పెనాల్టీ అతనిదే. పాట్రిక్ మైన్కా బ్రెమెన్, డార్ట్‌మండ్ క్లబ్బుల రెండో జట్లలో ఆడి 2018లో హైడెన్‌హైమ్‌కు వెళ్లాడు, 2023లో బుండెస్‌లీగాలో తొలి మ్యాచ్ ఆడే నాటికి అతని వయసు ఇరవై ఎనిమిది. అయితే ఈ పేర్లు అబ్బాయికి వినిపించి ఆశ పెట్టకండి. వీళ్ల కథలు అందరూ చెప్పుకునేది అవి అరుదు కాబట్టే. ఈ కథల నుంచి తీసుకోవలసినది ఒక్కటే ఉంది: పద్దెనిమిదేళ్లకు తలుపు మూసుకుపోదు, అంటే రెండేళ్లు బడిలో ఉన్నందువల్ల డిఫెండర్‌గా వాడు పోగొట్టుకునేది దాదాపు ఏమీ లేదు.

తలిదండ్రులు సాధారణంగా గమనించని విషయం మరొకటుంది. మూడో లీగులో ప్రతి మ్యాచ్ జాబితాలోనూ, జర్మనీ జాతీయ జట్లకు ఆడే అర్హత ఉన్న అండర్-23 ఆటగాళ్లు కనీసం నలుగురు ఉండాలన్న నిబంధన ఉంది. నాలుగో అంచెలోనూ కుర్రవాళ్ల కోసం ఇటువంటి కోటాలున్నాయి. కోటా ఉన్నచోట పంతొమ్మిదేళ్ల కుర్రవాడికి గిరాకీ ఉంటుంది. అదే కుర్రవాడు ఇరవై నాలుగేళ్లవాడయ్యాక, జట్టులో స్థిరపడకపోతే, వాడి చోటు మరో పంతొమ్మిదేళ్లవాడికి వెళ్లిపోతుంది. మీరు ముప్పై ఏళ్ల వయసును చూసి భయపడుతున్నారు, జాగ్రత్త పడవలసింది ఇరవై నాలుగు దగ్గర. భారత పాస్‌పోర్టుతో ఉన్నంతకాలం మీవాడు మూడో లీగు కోటా లెక్కలోకి రాడని కూడా గుర్తుంచుకోండి. పౌరసత్వం మార్చుకోవాలా వద్దా అన్నది మీ కుటుంబం వేరే కారణాలతో తేల్చుకోవలసిన పెద్ద విషయం. ఒక లీగు నిబంధన కోసం దానిని తేల్చకండి.

ఇప్పుడు స్పోర్ట్స్ మేనేజ్‌మెంట్ సంగతికి వస్తాను, ఇక్కడ కొంచెం ఎక్కువసేపు ఆగుతాను. ఆటగాళ్ల ఇళ్లలో ఇప్పుడు ఇదే ఫ్యాషన్: ఆట వదలని అబ్బాయికీ, డిగ్రీ వదలని తండ్రికీ మధ్య రాజీ కుదిర్చే మాటగా ఈ కోర్సు పేరు వినిపిస్తుంది. నాకు దీనిమీద అనుమానాలు చాలా ఉన్నాయి. మొదటిది, అబ్బాయి ప్రణాళికలోనే ఒక చిల్లు ఉంది: ఆ డిగ్రీలో నేరుగా చేరడానికి అబిటూరో (బడి చివరి పరీక్ష), కనీసం ఫాఖ్‌హోఖ్‌షూల్‌రైఫేనో (వృత్తి విద్యా విశ్వవిద్యాలయాల ప్రవేశార్హత) కావాలి, పదకొండో తరగతితో బడి మానేసినవాడికి ఆ రెండూ ఉండవు. రెండవది, ప్రైవేటు దూరవిద్యా సంస్థలు ఈ కోర్సుకు నెలనెలా రుసుము తీసుకుంటాయి. ప్రభుత్వ విశ్వవిద్యాలయంలో మీ రాష్ట్రమైన హెస్సెన్‌లో ట్యూషన్ ఫీజు లేదు, సెమిస్టర్ చందా మాత్రమే ఉంటుంది. మూడవది అన్నిటికంటే ముఖ్యమైనది. ఆట మానేసిన కుర్రవాళ్లంతా క్లబ్బు కార్యాలయాల్లో ఉద్యోగాలకే ఎగబడతారు, ఆ ఉద్యోగాలు తక్కువ, దొరికేది ఎక్కువగా పరిచయాల మీద. బుక్ కీపింగ్ తెలిసినవాడు, ఫిజియోథెరపీ చదివినవాడు, బడిలో వ్యాయామంతో పాటు గణితం కూడా చెప్పగలవాడు క్లబ్బులోనూ బయటా బతకగలడు. ఆటతో సంబంధం ఉన్న చదువైతే ఆటకు దగ్గరగా ఉంటామన్న భ్రమ తప్ప, ఆ కోర్సుకు నాకు కనిపించిన ప్రత్యేక బలం లేదు. వ్యాపార నిర్వహణే ఇష్టమైతే హాగెన్‌లోని ప్రభుత్వ దూరవిద్యా విశ్వవిద్యాలయంలో మామూలు ఆర్థిక, వ్యాపార శాస్త్రాలు చదువుకోవచ్చు.

మిమ్మల్ని కూడా ఒక మాట అనక తప్పదు. జర్మనీ వచ్చిన కొత్తలో అబ్బాయికి స్నేహితులు దొరకాలని, భాష రావాలని ఊరి ఫెరైన్‌లో (ఆటల సంఘంలో) చేర్చింది మీరే. ప్రతి వారాంతం కారులో తిప్పినదీ మీరే. వాడు ఆ పనిలో నిజంగా పనికొచ్చేవాడయ్యాక, ఇప్పుడు 'బుండెస్‌లీగాకు చేరకపోతే వృథా' అంటున్నారు. మీ ఆఫీసులో మీరు కంపెనీ అధిపతి కాలేదని మీ పదిహేనేళ్ల ఉద్యోగాన్ని ఎవరైనా వృథా అంటే ఒప్పుకుంటారా? గుంటూరులో బంధువులకు ఏమని చెప్పుకోవాలన్న బెంగ మీ ఉత్తరంలో రాయలేదు గానీ వాక్యాల మధ్య నుంచి తొంగి చూస్తోంది. ఆ బెంగను పదిహేడేళ్ల పిల్లవాడి భుజాన వేయడం న్యాయం కాదు. వాడు బడి మానేస్తానన్నది చదువు మీద ద్వేషంతో కాకపోవచ్చు. ఇంట్లో ఆటకు విలువ లేదని తెలిసిన పిల్లవాడు తన పంతం రుజువు చేసుకోవడానికి మొదట వదిలేసేది పుస్తకాలనే.

పోలిక విషయానికి వస్తే చెప్పవలసింది తక్కువే, ఎందుకంటే ఇవి రెండూ ఒకే ఏడాదిలో ఎంచుకోవలసిన దారులు కావు. అబిటూర్‌కు గడువు తీరిపోవడం ఉండదు. విశ్వవిద్యాలయంలో చేరడానికి పై వయసు పరిమితి లేదు, కంప్యూటర్ సైన్స్‌కు మార్కుల కటాఫ్ లేని విశ్వవిద్యాలయాలు అనేకం ఉన్నాయి. ఇరవై నాలుగేళ్లకు డార్మ్‌స్టాట్ తరగతి గదిలో మొదటి సెమిస్టర్‌లో కూర్చున్నవాడిని ఆ దేశంలో ఎవరూ వింతగా చూడరు; ఔస్‌బిల్డుంగ్ (వృత్తి శిక్షణ) చేసి, రెండేళ్లు పనిచేసి వచ్చినవాళ్లు పక్కనే ఉంటారు. ఇంటర్ అయిన మర్నాటి నుంచే పరుగెత్తించే మన అలవాటుతో చూస్తున్నారు కనుక మీకు ఏడాది పోతే జీవితం పోయినట్టు అనిపిస్తోంది. ఆటకు మాత్రం వయసుంది, చదువుకు లేదు. అయినా బడిలో మిగిలినవి పన్నెండు, పదమూడు తరగతులే కనుక వాటిని ఇప్పుడే ముగించడం, తరువాత సాయంత్రపు బడిలో ముగించడం కంటే ఎంతో తేలిక. మరీ ఇబ్బందైతే పన్నెండో తరగతి చివర ఫాఖ్‌హోఖ్‌షూల్‌రైఫే బడి భాగం చేతికి వస్తుంది, ఆ తరువాత ఆచరణ భాగం పూర్తిచేయవచ్చు. అబిటూర్ అయ్యాక క్లబ్బులోనే క్రీడా విభాగపు స్వచ్ఛంద సేవా సంవత్సరం చేస్తూ ఆడే కుర్రవాళ్లూ ఉన్నారు. ఆట ముగిశాక ఆటలోనే ఉండాలనుకుంటే కోచింగ్ లైసెన్సుల దారి ఉంది. హైడెన్‌హైమ్ కోచ్ ఫ్రాంక్ ష్మిట్ రెండో డివిజన్‌లోనూ ఆ కింది లీగుల్లోనూ ఆడిన డిఫెండరే. 2007లో అదే క్లబ్బు పగ్గాలు పట్టి 2023 నాటికి బుండెస్‌లీగాకు చేర్చాడు.

ఈ జవాబు చదివి తమ పిల్లలను జర్మనీ పంపుదామనుకునే హైదరాబాద్, విజయవాడ తలిదండ్రులకు ఇక్కడే ఒక హెచ్చరిక. ఈ ఉత్తరం రాసినవారి అబ్బాయి అక్కడే నివసిస్తున్నాడు కనుక కుటుంబ వీసా మీద పని చేయగలడు. భారతదేశం నుంచి వృత్తి ఆటగాడిగా వెళ్లేవాడికి మాత్రం పెన్షన్ బీమా లెక్కింపు పరిమితిలో (పెన్షన్ చందా లెక్కించే గరిష్ఠ జీతంలో) కనీసం సగం జీతం చూపాలి: 2025లో ఆ పరిమితి నెలకు 8,050 యూరోలు, సగమంటే 4,025. నాలుగో అంచెలో అంత ఇచ్చే క్లబ్బులు తక్కువ. పద్దెనిమిదేళ్లలోపు పిల్లల అంతర్జాతీయ బదిలీని కొన్ని మినహాయింపులతో ఫిఫా నిషేధించింది. కాబట్టి డబ్బు కట్టించుకుని జర్మన్ క్లబ్బు ట్రయల్ ఇప్పిస్తామనేవాళ్ల దగ్గరికి వెళ్లకండి.

ఇక కాంట్రాక్టు. మీరు ముందు చదవవలసినది, అది ఏ లీగులో చెల్లుతుందన్న వాక్యం. జట్టు కింది అంచె అయిన ఓబర్‌లీగాకు పడిపోతే కాంట్రాక్టు రద్దవుతుందో, జీతం తగ్గుతుందో అందులో ఉంటుంది. మూల జీతమెంత, ఆడిన మ్యాచ్‌కూ గెలిచిన పాయింటుకూ ఇచ్చే ప్రీమియం ఎంత అన్నది విడివిడిగా చూడండి. మొత్తం పెద్దగా కనిపించినా అందులో ఎక్కువ భాగం ప్రీమియమే అయితే, బెంచీ మీద కూర్చునే కుర్రవాడికి అది రాదు. గాయపడితే మొదటి ఆరు వారాలు జీతం క్లబ్బు ఇస్తుంది, ఆ తరువాత ఆదుకునేది వీ.బీ.జీ. అనే ప్రమాద బీమా సంస్థ. ఖర్చుల కింద ఏదో కొంత ముట్టజెప్పే ఒప్పందాల్లో ఈ రక్షణ దొరకకపోవచ్చు కనుక, అబ్బాయిని అక్కడ నమోదు చేస్తారా అని రాతపూర్వకంగా అడగండి. క్లబ్బు ఆర్థిక స్థితి కూడా విచారించండి: 2022 మార్చిలో ట్యుర్క్‌గ్యుజు మ్యూనిక్ అనే మూడో లీగు క్లబ్బే దివాలా తీసి సీజన్ మధ్యలో తప్పుకుంది, ఆడిన మ్యాచ్‌లన్నీ లెక్కలోంచి తొలగించారు. సంతకానికి ముందు డూయిస్‌బర్గ్‌లోని ఆటగాళ్ల సంఘం వీ.డీ.వీ.ని సంప్రదించడం మంచిది.

క్లబ్బుకు మీరు పెట్టవలసిన షరతులు రెండే. పరీక్షల వారాల్లో శిక్షణ నుంచి మినహాయింపు ఉండాలి, పెద్దల జట్టులో చోటు దొరకని వారాల్లో అండర్-19లో ఆడనివ్వాలి. ఈ రెండూ కాగితం మీదకు వస్తే సంతకం పెట్టించండి, బడి కొనసాగుతుంది. నోటిమాటగా సరేనని కాగితం మీద రాయడానికి క్లబ్బు వెనకాడితే, ఈ ఏడాదికి పాత జట్టులోనే ఉంచండి. ఆ నిర్ణయాన్ని అబ్బాయికి మీరు చెప్పవద్దు, క్లబ్బు జవాబును వాడి చేతనే చదివించండి.