ఆడపడుచు వేషం గురించి ఒక పేరా

అమ్మాయీ,

ఇటలీ సినిమా నటి ఈదా గల్లి మీద నువ్వు రాసిన వ్యాసం రెండుసార్లు చదివాను. మొదటి వాక్యంలోనే ఆమెను 'మరుగున పడిన మాణిక్యం' అన్నావు. ముప్పై ఏళ్ల కిందట మన సినిమాల్లో అక్క, వదిన వేషాలు వేసే ఒకావిడ గురించి నేనూ సరిగ్గా ఇదే మాట రాశాను. పత్రిక వచ్చిన రోజే ఆవిడ ఫోన్ చేసి, "నేను మరుగున పడ్డానని ఎవరు చెప్పారు బాబూ? నెలకి ఇరవై రోజులు షూటింగే" అన్నారు. నాకు నోట మాట రాలేదు. ఆ మాణిక్యం మాట కొట్టేయ్.

రెండో పేరా నుంచి నువ్వు రాసింది చిట్టా. పౌరాణికాలు, దయ్యాల కోటలు, కౌబాయ్ సినిమాలు, హత్యల సినిమాలు వరసగా పేర్చేశావు. అవన్నీ చదివాక కూడా ఆమె మొహం నా కళ్లముందుకు రాలేదు.

నేనైతే 1963 దగ్గర మొదలుపెడతాను. ఆ ఏడు ఇటలీ దర్శకుడు విస్కోంతి తీసిన 'ఇల్ గత్తోపార్దో' కాన్ చిత్రోత్సవంలో పెద్ద బహుమతి పామ్ డోర్ తెచ్చుకుంది. అందులో ఆమె ప్రిన్స్ గారి కూతుళ్లలో ఒకతె, కరోలీనా. టైటిల్స్‌లో సొంత పేరే. అదే ఏడాది మారియో బావా తీసిన దయ్యాల సినిమా 'లా ఫ్రుస్తా ఎ ఇల్ కోర్పో'లో సముద్రం పక్కన కోట, చచ్చినా వదలని క్రిస్టఫర్ లీ. ఆ కోటలో కాత్యాగా ఉన్నది కూడా ఈమే. టైటిల్స్‌లో మాత్రం 'ఇజ్లీ ఓబెరాన్' అని పడుతుంది. ఆమె సంగతి అలా ఉంచు, బావా తన పేరే 'జాన్ ఎం. ఓల్డ్' అని వేసుకున్నాడు. ఇంగ్లీషు పేర్లుంటే బయటి దేశాల్లోనే కాదు, ఇటలీలోనూ టికెట్లు బాగా తెగుతాయని లెక్క. పెద్ద దర్శకుడి సినిమాకి ఒక పేరు, మాస్ సినిమాకి ఇంకో పేరు, అదీ ఒకే ఏడాదిలో! నీ వ్యాసంలో ఇది బ్రాకెట్లో ఇరుక్కుపోయింది.

1965కి ఆమె 'ఎవెలిన్ స్టువార్ట్' అయింది. 'ఉన్ దొల్లారో బుకాతో' అనే కౌబాయ్ సినిమాలో హీరో జూలియానో జెమ్మా 'మోంట్‌గొమెరీ వుడ్' అయ్యాడు, దర్శకుడు జార్జో ఫెరోనీ 'కాల్విన్ జాక్సన్ ప్యాజెట్' అయ్యాడు. ఊరంతా మారుపేర్లే. వాళ్ల సెట్టులో ఎవరు ఎవరిని ఏమని పిలుచుకునేవారో అని నాకు అప్పుడప్పుడూ నవ్వొస్తుంది.

ఇక నటన. ఆమె గొంతు బాగుందని రాశావు. అమ్మా, ఆ రోజుల్లో ఇటలీలో సినిమాలకి మాటలు తర్వాత కలిపేవారు. సెట్లో ఒకరు ఇటాలియన్, ఇంకొకరు ఇంగ్లీషు మాట్లాడేసేవారు. డబ్బింగ్ సంగతి తెలుగువాళ్లకి ఎవరూ చెప్పక్కర్లేదు కదా, నువ్వెలా మర్చిపోయావు? సౌండ్ తీసేసి చూడు. కళ్లు, మెడ, చేతులు, నిలబడే తీరు. కచ్చితంగా ఆమెవి అని చెప్పగలిగినవి అవే.

అలా చూడాల్సింది 1971 నాటి సెర్జో మార్తీనో సినిమా, తేలు తోక పేరున్నది. విమాన ప్రమాదంలో మొగుడు పోతాడు. ఇన్సూరెన్స్ సొమ్ము పది లక్షల డాలర్లు తీసుకోవడానికి భార్య లీసా ఏథెన్స్ వెళ్తుంది. కెమెరా ఆమె వెంటే తిరుగుతుంటే ఈవిడే హీరోయిన్ అని మనం కుదురుకుంటాం. అప్పుడు ఆమెను చంపేస్తారు. అసలు హీరోయిన్ అనీతా స్ట్రిండ్‌బెర్గ్ ఆ తర్వాత కథ అందుకుంటుంది. కాసేపట్లో పోయే మనిషినే హీరోయిన్ అని నమ్మించడం తేలిక అనుకుంటున్నావా? నువ్వు ఆ పాత్రని 'చిన్న పాత్ర' అని రాశావు. నిడివి కొలిచావు, పని కొలవలేదు.

ఆమె మనసులో బాధ ఉండేదనీ, అవకాశాలు రాలేదని కుమిలిపోయిందనీ నువ్వు రాసినవి నీకెవరు చెప్పారు? తీసెయ్.

1977లో ఫుల్చీ తీసిన 'సెత్తె నోతె ఇన్ నేరో'లో జెన్నిఫర్ ఓనీల్ హీరోయిన్, మన గల్లి ఆ హీరోయిన్ భర్తకి తోబుట్టువు గ్లోరియా. మన లెక్కలో ఆడపడుచు వేషం. నువ్వు దాని మీద ఒక్క వాక్యం రాసి వదిలేశావు. ఆ సినిమా మళ్లీ చూడు. వదిన మాట్లాడుతున్నప్పుడు ఆడపడుచు ఎక్కడ నిలబడిందో, ఎటు చూస్తోందో ఒక పేరా రాసి పంపు. మిగతా వ్యాసం తర్వాత చూద్దాం.

ఆశీస్సులతో,
బాబాయ్