పీటర్ లోరీ మీద నీ వ్యాసం అందింది

తమ్ముడూ,

హాలీవుడ్ క్యారెక్టర్ ఆర్టిస్టు పీటర్ లోరీ మీద నీ వ్యాసం రెండుసార్లు చదివాను. బాగా కష్టపడ్డావు. 1904లో అప్పటి హంగరీలో పుట్టిన దగ్గర్నుంచి 1964లో లాస్ ఏంజెలెస్‌లో కన్నుమూసేదాకా చిన్నా పెద్దా సినిమాలన్నీ పట్టుకొచ్చావు. చిక్కంతా అక్కడే. రెండో పేజీకి వచ్చేసరికి రైల్వే టైం టేబుల్ చదువుతున్నట్టు అనిపించింది.

హీరో గురించైతే హిట్లూ ఫ్లాపులూ చెప్పి నెట్టుకురావచ్చు. క్యారెక్టర్ ఆర్టిస్టు తెర మీద ఉండేదే కాసేపు. ఆ కాసేపట్లో ఏం చేశాడో రాయకపోతే అతని గురించి ఏమీ రాయనట్టే.

‘కాసాబ్లాంకా’నే తీసుకో. ‘ఉగార్తే పాత్ర పోషించాడు’ అని ఒక్క ముక్కలో తేల్చేశావు. మళ్లీ చూడు. సినిమా మొదట్లోనే అతన్ని పోలీసులు పట్టుకుపోతారు, ఇక కనిపించడు. కానీ దేశం దాటించే పత్రాలను హీరో రిక్ చేతిలో పెట్టేది అతనే. మిగతా కథంతా వాటి చుట్టూనే తిరుగుతుంది. రిక్‌కి తనంటే చులకన అని తెలిసీ అతని మెప్పు కోసం ఎలా వెంపర్లాడతాడో గమనించు. ఆ సీన్ ఒకసారి సౌండ్ తీసేసి చూడు, ఇంకోసారి కళ్లు మూసుకుని విను. కనిపించిందీ వినిపించిందీ రాయి. ఒక పేజీ పట్టినా పర్లేదు.

‘ఎం’ (1931)లో హంతకుడిగా వేసింది లోరీయే అయినా ఆ హంతకుడి ఈల లోరీది కాదనీ, దర్శకుడు ఫ్రిట్జ్ లాంగే వేశాడనీ చివర్లో సరదా విశేషంలా తగిలించావు. దాన్ని ముందుకి తీసుకురా. పిల్లల్ని చంపే ఆ మనిషి ముఖం మనకి సరిగ్గా తెలియకముందే ఆ ఈల భయపెడుతుంది. అంటే ఆ భయంలో లాంగ్ వాటా కూడా ఉంది. ఆఖర్లో దొంగల కోర్టు ముందు, నన్ను నేనే తప్పించుకోలేకపోతున్నానని విలవిల్లాడే సీన్ మాత్రం పూర్తిగా లోరీదే.

‘1933లో జర్మనీ వదిలాడు’ అన్నావు, టూర్ వెళ్లినట్టు! హిట్లర్ అధికారంలోకి వచ్చాడు, ఇతను యూదుడు. ఆ మాట రాయాలి కదా. మరుసటి ఏడాది దర్శకుడు హిచ్‌కాక్ సినిమాకి, వచ్చీరాని ఇంగ్లిష్‌తో డైలాగులు శబ్దాన్ని బట్టి బట్టీపట్టాడు. తర్వాత హాలీవుడ్, యూరప్‌వాడైన ఇతన్ని మిస్టర్ మోటో అనే జపనీయుడిగా ఎనిమిది సినిమాల్లో చూపించింది. ఆ రోజుల్లో అది మామూలేనని దాటెయ్యకు. అలాగని తిట్టడానికే పేజీ ఖర్చుపెట్టకు.

టీవీకి ఒక్క లైనేనా? జేమ్స్ బాండ్‌కి తెర మీద మొట్టమొదటి విలన్ ఇతనే. 1954లో అమెరికాలో సీబీఎస్ చానల్ బాండ్ కథ ‘కసీనో రాయల్’ని లైవ్‌గా ప్రసారం చేసింది. మొదటి బాండ్ సినిమా ‘డాక్టర్ నో’ రావడానికి ఇంకా ఎనిమిదేళ్లుంది. లైవ్ అంటే రీటేక్ లేదు, ఎంత టెన్షనో ఆలోచించు. 1960లో హిచ్‌కాక్ టీవీ సిరీస్‌లో లోరీ ఒక కుర్రాడితో పందెం కాస్తాడు: లైటర్ వరసగా పదిసార్లు వెలిగితే కారు ఇస్తాడు, వెలగకపోతే ఆ కుర్రాడి చిటికెన వేలు కోసేస్తాడు. ఆ కుర్రాడు, తర్వాత పెద్ద హాలీవుడ్ స్టార్ అయిన స్టీవ్ మెక్వీన్. చూశాక నీకే రాయాలనిపిస్తుంది.

‘పాపం, విలన్ ముద్ర పడిపోయింది’ అన్న పేరా తీసెయ్. జాలి పడాల్సింది వేరే చోట. జర్మనీ తిరిగి వెళ్లి తనే ఒక సినిమా డైరెక్ట్ చేశాడు, 1951లో విడుదలైంది. అది ఆడలేదు. మళ్లీ ఆ జోలికి పోలేదు.

మూడు పాత్రలు ఉంచు, మిగతావి కొట్టెయ్. తిరగరాసి పంపు, చదువుతాను.

మీ అన్నయ్య