ఇంగ్లండ్‌లో ఒక చిన్న పల్లెటూరి చరిత్ర, అక్కడి జీవితం దగ్గరగా చూడాలంటే ఏ ఊరికి వెళ్ళాలి?

మీరు అడిగింది ఫొటోలు దిగే ఊరి గురించి కాదు, ఊరు ఎలా నడుస్తుందో తెలిసే చోటు గురించి. నాటింగ్‌హామ్‌లో ఉద్యోగం చేసుకుంటూ ఇక్కడి పల్లెలు చాలానే తిరిగాను. ఒక్క పేరే చెప్పమంటే లాక్స్‌టన్ అంటాను. నాటింగ్‌హామ్‌షైర్‌లోనే, ఓలర్టన్ దాటాక లోపలికి ఉంటుంది. కాట్స్‌వోల్డ్స్ వైపు ఊళ్ళలా గడ్డి కప్పులు, తేనెరంగు రాళ్ళు ఏమీ ఉండవు. మామూలు ఎర్ర ఇటుక ఇళ్ళు. కారులో వెళ్తే రెండు నిమిషాల్లో దాటేస్తారు. నేనూ మొదటిసారి అలాగే దాటేశాను.

రెండోసారి మా నాన్నని తీసుకెళ్ళాను. అప్పుడు తెలిసింది ఆ ఊరేంటో.

నాన్నది తెనాలి పక్క పల్లె. మూడెకరాల వరి రైతు. నా దగ్గరికి వచ్చిన రెండు వారాలకే టీవీ, పార్కు, మళ్ళీ టీవీ అయిపోయి మొహం ముడుచుకుని కూర్చున్నారు. "ఇక్కడ పొలాలు లేవా?" అన్నారు ఓ శనివారం పొద్దున. జులై నెలాఖరు. సరేనని కారెక్కించాను.

ఇంగ్లండ్‌లో కారు మీద పోతుంటే పొలాలు సరిగా కనబడవు. రోడ్డుకి రెండు వైపులా ముళ్ళ పొదల కంచెలు మనిషెత్తున ఉంటాయి. ఊరు దాటి పొలాల దారి పట్టగానే లాక్స్‌టన్‌లో ఆ కంచెలు ఒక్కసారిగా మాయమయ్యాయి. కంటికి ఆనినంత మేరా గోధుమ చేను, మధ్యలో ఒక్క అడ్డం లేదు. నాన్న కారు ఆపమన్నారు. దిగి నడుం మీద చేతులేసుకుని చాలాసేపు చూశారు. "ఇదంతా ఒకడిదేనా?"

కాదు, చాలామందిది అన్నాను.

"మరి గట్లేవిరా? ఎవడి చేను ఎవడిదో ఎట్టా తెలుస్తుంది?"

లాక్స్‌టన్ కథంతా ఆ ప్రశ్నలోనే ఉంది. మధ్యయుగంలో ఇంగ్లండ్ నడిబొడ్డున ఉన్న పల్లెలన్నీ దాదాపు ఇలాగే ఉండేవి. ఊరి భూమిని రెండు మూడు పెద్ద బయళ్ళుగా విడగొట్టుకునేవాళ్ళు. ఒక్కో రైతుకి ఒక్కో బయల్లో అక్కడో చీలిక, ఇక్కడో చీలిక. మంచి నేల అంతా ఒకడికి, చవిటి నేల అంతా ఇంకొకడికి పోకుండా పంచుకున్న పద్ధతి అది. తర్వాత పార్లమెంటు చట్టాలతో భూముల్ని కలిపి కంచెలు వేశారు. 1604 నుంచి 1914 దాకా అలాంటి బిల్లులు 5,200 పైచిలుకు వచ్చాయి, 68 లక్షల ఎకరాలకి కంచె పడింది. పచ్చటి కంచెలతో గళ్ళ దుప్పటి పరిచినట్టుండే ఇంగ్లండ్ బొమ్మ మనం క్యాలెండర్లలో చూస్తామే, అందులో చాలా భాగం అలా పుట్టిందే. ఉమ్మడి బీళ్ళ మీద ఆవునో మేకనో మేపుకుని బతికిన పేదవాళ్ళకి మాత్రం ఆ కంచె బయటే చోటు మిగిలింది.

లాక్స్‌టన్‌లో పెద్ద భూస్వాముల వాటాలు ఒకదాంట్లో ఒకటి చిక్కుపడి ఉండటంతో ఆ పని పూర్తిగా ఎప్పుడూ తెమల్లేదు. అలా మిగిలిపోయింది. ఇప్పటికీ మూడు పెద్ద బయళ్ళున్నాయి: వెస్ట్ ఫీల్డ్, మిల్ ఫీల్డ్, సౌత్ ఫీల్డ్. ఒక ఏడు ఒకదాంట్లో శీతాకాలపు గోధుమ, ఇంకోదాంట్లో వసంతంలో వేసే బార్లీ, చిక్కుళ్ళ లాంటివి, మూడోది బీడు. మరుసటేడు ఒక మెట్టు జరుగుతాయి. బీడు పెట్టే బయల్లో ఇప్పుడు పశువుల మేత కూడా వేసుకోనిస్తున్నారు. నాన్నకి ఇది వివరించాల్సిన అవసరమే రాలేదు. "వరి కోసేముందు మినుము చల్లినట్టేగా, నేల తేరుకోవాలి" అనేసి, వంగి ఒక మట్టి బెడ్డ తీసుకుని వేళ్ళతో నలిపారు. అది ఎర్రటి బంకమట్టి. ఎండకి రాయిలా గట్టిపడి ఉంది. రెండు చేతులతో విరిస్తే గానీ విరగలేదు. "వానొస్తే ఇందులోకి దిగలేంరా" అన్నారు. ఆ మాట ఎంత నిజమో తర్వాత నవంబరులో నేనొక్కణ్ణే వెళ్ళినప్పుడు నా బూట్లకి తెలిసింది.

అక్కడే ఇంకో సంగతి కూడా చెప్పాను, నాన్న నమ్మలేదు. మనం రోజూ వాడే 'ఎకరం' ఈ చీలికల్లో పుట్టిన మాటే. ఎడ్ల జత ఆగకుండా దున్నగలిగే చాలు పొడవు 220 గజాలు, చీలిక వెడల్పు 22 గజాలు. రెండూ గుణిస్తే 4,840 చదరపు గజాలు. ఎడ్లతో ఒక రోజు దుక్కి అన్నమాట. ఆ 22 గజాలే 1620లో ఎడ్మండ్ గంటర్ చేసిన సర్వే గొలుసు పొడవు, క్రికెట్ పిచ్ పొడవూ అదే. నాన్న ఫోన్ తీసి లెక్క కట్టుకున్నారు. "మనూళ్ళో సర్వేయరు లాగిన గొలుసు ఇక్కణ్ణుంచి వచ్చిందా!" ఆంధ్రలో నూరు సెంట్లు, తెలంగాణలో నలభై గుంటలు అని విడగొట్టుకున్నాం గానీ మొత్తం మాత్రం ఆ ఎడ్లు దున్నిందే.

ఇక గట్ల సంగతి. డవ్‌కోట్ ఇన్ అని ఊళ్ళో ఒక పబ్ ఉంది. దాని వెనకే చిన్న సందర్శకుల కేంద్రం, గోడల మీద ఊరి చరిత్ర రాసిన బోర్డులు. అక్కడ కలిసిన ఒక ముసలి రైతు, నాన్న ఏదో వెతుకుతున్నట్టు చూసి తనే పలకరించాడు. నేను దుబాసీని. ఆయన చెప్పింది ఇది. నవంబరు ఆఖరున, గోధుమ చల్లడం అయ్యాక, జ్యూరీ, అంటే హద్దులు చూడటానికి ఎన్నుకున్న రైతులు, ట్రాక్టరు వెనక ట్రాలీలో ఎక్కి ఆ ఏటి గోధుమ బయలంతా తిరుగుతారు. ఎవడైనా పక్కవాడి చీలికలోకో, దారిలోకో, ఉమ్మడి గడ్డి నేలలోకో నాగలి జరిపాడా అని చూస్తారు. హద్దు చెదిరిన చోట కొత్త మేకు కొడతారు. తర్వాత పబ్‌లో భోజనం, కూర్చుని జరిమానాలు తేల్చడం. ఆ తర్వాత వారం రోజులకి కోర్టు అక్కడే సమావేశమవుతుంది. దాన్ని కోర్ట్ లీట్ అంటారు. జమీందారు తరఫున ఒక స్టీవార్డ్ అధ్యక్షుడు, మరుసటి ఏటి జ్యూరీని కూడా అప్పుడే ఎన్నుకుంటారు. ఇలాంటి పాత కోర్టుల అధికారాలు 1977 చట్టంతో పోయాయి, లాక్స్‌టన్‌కి మాత్రం మినహాయింపు ఇచ్చారు.

నాన్న అంతా విని ఒక్కటే అడిగారు. "తగాదా తేలడానికి ఎన్నాళ్ళు పడుతుందో అడుగు."

అడిగాను. వారం అన్నాడాయన, ఇందులో విశేషం ఏముందన్నట్టు.

నాన్న ఇంకేం మాట్లాడలేదు. మా పక్క చేనాయనతో జానెడు గట్టు కోసం ఆయన పదకొండేళ్ళు కోర్టుకి తిరిగారు. నేను ఇంటర్‌లో ఉన్నప్పుడు మొదలైంది, నా పెళ్ళయ్యాక ముగిసింది. వకీలు ఫీజులు, బస్సు ఛార్జీలు కలిపితే ఆ గట్టు లాంటివి ఎన్ని కొనొచ్చో అమ్మ ఇప్పటికీ లెక్క చెబుతుంది. గెలిచింది మేమే. గెలిచాక కూడా ఆ ఇంటికీ మాకూ మాటల్లేవు. ఇక్కడ జ్యూరీలో కూర్చునే రైతుకీ ఆ బయల్లో చీలికలుంటాయి, ఈ ఏడు తను వేసిన జరిమానా వచ్చే ఏడు తన మీదే పడొచ్చు. అందుకే జరిమానాలు చిన్నవి. డబ్బు కన్నా నలుగురి ముందూ పేరు చదవడమే పెద్ద శిక్ష అనిపించింది నాకు.

పొలాలకి పనికిరాని తడి నేలలు కొన్ని బయళ్ళ మధ్య పచ్చిక పట్టెల్లా మిగిలున్నాయి, వాటిని సైక్స్ అంటారు. వాటి మీది గడ్డిని ఏటా వేలంపాట వేసే ఆనవాయితీ ఉంది, మన చెరువులో చేపల పాట లాగా. ఎప్పుడూ నాగలి పడలేదు కాబట్టి అక్కడ పూల మొక్కలు దండిగా బతికాయి, అందుకని ప్రభుత్వ రక్షణ కూడా ఉంది. అక్కడే నాన్న ఒక ఆకు తుంపబోయి చెయ్యి చురుక్కుమని వెనక్కి లాక్కున్నారు. నెటిల్ అంటారు దాన్ని. సాయంత్రం దాకా చెయ్యి రుద్దుకుంటూనే ఉన్నారు.

ఊరి వీధి కూడా గమనించండి. మామూలుగా ఇంగ్లండ్‌లో రైతు ఇల్లు పొలం మధ్యలో ఒంటరిగా ఉంటుంది. కంచెలు పడ్డాక అలా బయటికి వెళ్ళిపోయారు. ఇక్కడ పొలం నాలుగు చోట్ల చెదిరి ఉంటుంది కాబట్టి రైతులంతా వీధిలోనే ఉండిపోయారు. ఇల్లు, గడ్డివాము, పశువుల కొట్టం, పెరడు అన్నీ వరసగా వీధి మీదే, కొన్ని ఇళ్ళు వీధికి పక్కకి తిరిగి ఉంటాయి. "ఇది ఊరురా. మిగతావి కాలనీలు" అని నాన్న తీర్పు. వీధి పక్కనే పిన్‌ఫోల్డ్ అని చిన్న గోడ కట్టిన చోటుంది. పంటలో పడ్డ గొడ్లని పూర్వం పిండర్ అనేవాడు తోలుకొచ్చి అందులో పెట్టి, డబ్బు కడితే గానీ వదిలేవాడు కాదు. అది చూసి నాన్న పెద్దగా నవ్వారు. మా బందెలదొడ్డే! చిన్నప్పుడు మా గేదె రెండు సార్లు అందులో పడితే తాతయ్య చేతి దెబ్బలు ఆయనకే పడ్డాయట. మా ఊళ్ళో దాని స్థలం ఇప్పుడు వాటర్ ట్యాంకు కింద పోయింది.

కోట అన్నారు కదా అని ఊరికి ఉత్తరాన నడిచాం. వెళ్ళి చూస్తే పెద్ద మట్టి దిబ్బ, మీద గడ్డి. "కొండవీడు చూసిన కళ్ళతో ఇది చూడమంటావా?" అన్నారు. నిజమే, రాయి కనబడదు. కానీ అది ఫ్రాన్స్ వైపు నుంచి వచ్చిన నార్మన్లు ఇంగ్లండ్‌ని గెలిచి ఏలిన కాలం నాటిది. షేర్వుడ్ అడవి కాపలా అధికారం ఉన్న కుటుంబాలు అక్కణ్ణుంచే పెత్తనం చేశాయి. సెయింట్ మైకేల్ చర్చిలో ఆ కుటుంబాల్లో ఒకటైన ఎవరింగ్‌హామ్ వంశపు సమాధి బొమ్మలున్నాయి. వాటిలో ఒక స్త్రీ బొమ్మ చెక్కతో చేసింది, ఈ జిల్లా మొత్తంలో అలాంటి మధ్యయుగపు చెక్క బొమ్మ అదొక్కటే. వెలుతురు తక్కువ, కాసేపు నిలబడితే గానీ చెక్క అని తెలియదు.

ఊరి మ్యాపు కథ కూడా బాగుంటుంది. విలియం కోర్టెన్ అనే లండన్ వ్యాపారి ఊరు కొన్నాక, 1635లో మార్క్ పియర్స్ అనే సర్వేయరు ప్రతి చీలికనీ కొలిచి పటం గీశాడు. అందులో దున్నేవాళ్ళు, కోత కోసేవాళ్ళ చిన్న చిన్న బొమ్మలు కూడా ఉంటాయి. అసలు పటం ఆక్స్‌ఫర్డ్‌లో బోడ్లియన్ లైబ్రరీలో ఉంది. ఆ పటంలోని పేర్లలో కొన్ని ఇప్పటికీ రైతుల నోట్లో ఉన్నాయి. అయితే 1635 నాటి చీలికలే ఇప్పటివీ అనుకోకండి. ఇరవయ్యో శతాబ్దం మొదట్లో వాటిని చాలావరకు కలిపి పెద్దవి చేశారు, లేకపోతే యంత్రాలు తిరగవు. యాజమాన్యమూ చేతులు మారింది. తర్వాతి కాలంలో ఊరి జమీందారైన మాన్వర్స్ ప్రభువు 1952లో వ్యవసాయ మంత్రిత్వ శాఖకి అమ్మాడు, 1981లో రాజు పేరిట ఉన్న ఆస్తులు చూసే క్రౌన్ ఎస్టేట్‌కి వెళ్ళింది, 2020లో మళ్ళీ మాన్వర్స్ వారసుల థోర్స్‌బీ ఎస్టేట్‌కే వచ్చింది. రైతులు కౌలుదార్లే. ఎక్కడికి వెళ్ళినా కౌలే అని నాన్న గొణుక్కున్నారు.

అక్కడ అంతా సత్యకాలం అని చెప్పను. మేం తిరిగినంతసేపూ ఒక్క కిరాణా కొట్టు కనబడలేదు. ఆ ముసలాయన కూడా, పిల్లలకి వ్యవసాయం వద్దట, జ్యూరీకి మనుషుల్ని వెతుక్కోవడం కష్టమవుతోంది అన్నాడు. మా ఊళ్ళోనూ అదే మాట వింటుంటాను.

వెళ్ళేటట్టయితే కారులో వెళ్ళండి. జూన్, జులై నెలలైతే సైక్స్‌లో పూలు, బయల్లో నిండు చేలు చూడొచ్చు. చేలో అడుగు పెట్టకుండా గడ్డి దారుల వెంటే నడవండి, అవి వెడల్పుగానే ఉంటాయి. రెండు మూడు గంటలు పెట్టుకోండి. ఊరి దగ్గర్లోనే 1995లో మొదలైన హోలోకాస్ట్ మ్యూజియం ఒకటుంది. అది మాత్రం ఇంకో రోజుకి ఉంచుకోండి, పొలాలు తిరిగొచ్చిన మనసుతో చూసేది కాదు. పిల్లలుంటే ఫుల్ ప్యాంట్లు వేయించండి, నెటిల్ ఆకులు సరిగ్గా వాళ్ళ మోకాలెత్తులో ఉంటాయి.